పోకేమాన్ ఆటల్లో సేవ్ చేసిన ఆటను చెరిపివేయడం

సేవ్ చేసిన ఆటను చెరిపివేయడం అనగా వీడియో గేమ్ కార్ట్రిడ్జ్‌లో అంతవరకు ఆడి భద్రపరచిన ఆట వివరాలను పూర్తిగా తొలగించి, మళ్ళీ మొదటి నుండి ఆడుకోవడానికి సిద్ధం చేయడం. చేతిలో పట్టుకొని ఆడే గేమ్ బాయ్ వంటి పరికరాలపై వచ్చిన అనేక ఆటలలో ఈ సౌకర్యం ఉన్నప్పటికీ, జపాన్‌కు చెందిన పోకేమాన్ ఆటలలో దీనికి ప్రత్యేకమైన ప్రాముఖ్యం కలదు. 1996లో వెలువడిన తొలి ఆటల నుండి సుమారు ఇరవై ఏళ్ళ పాటు ఈ వరుసలోని ప్రధానమైన ఆటలన్నింటిలోను ఒక కార్ట్రిడ్జ్‌కు ఒక్క ఆటను మాత్రమే భద్రపరచే వీలుండేది. కొత్త ఆటను దాచుకోవాలంటే పాతదానిని వదులుకోక తప్పదు. వందల గంటలు వెచ్చించి పెంచిన పోకేమాన్‌లు మూడు బటన్ల నొక్కుతో మాయమవుతాయి. అయితే అంతకు ముందే వేరొకరి కార్ట్రిడ్జ్‌కు ఇచ్చివేసినవి మాత్రం పాత యజమాని పేరుతోనే అక్కడ మిగిలి ఉంటాయి.

నేపథ్యం

నింటెండో సంస్థ గేమ్ బాయ్‌ను 1989 ఏప్రిల్ 21న జపాన్‌లో విడుదల చేసింది. దానిపై మిక్కిలి ప్రసిద్ధి పొందిన టెట్రిస్ ఆటలో సేవ్ చేసే ఏర్పాటు లేదు. స్విచ్ ఆపివేస్తే అత్యధిక స్కోరుతో సహా అన్నీ పోయేవి. పది నిమిషాలలో ముగిసే ఆటకు అది పెద్ద లోపం కాదు. రోజుల తరబడి సాగే కథాప్రధానమైన ఆటలకు మాత్రం ఆపిన చోటి నుండి కొనసాగించే మార్గం అవసరమైనది.

అంతకు ముందు టీవీకి తగిలించి ఆడే పరికరాలలో ఈ సమస్యకు సంకేతపదాల ద్వారా పరిష్కారం చూపేవారు. 1986లో జపాన్‌లో వచ్చిన డ్రాగన్ క్వెస్ట్ ఆటలో, ఆట ఆపే ముందు తెరపై కనిపించే 20 జపనీస్ అక్షరాలను కాగితం మీద రాసుకొని, మరునాడు వాటినే తిరిగి నమోదు చేయవలసి వచ్చేది. ఒక్క అక్షరం తప్పు రాసుకున్నా ఆడినదంతా వృథా. పిల్లల చేత ఎత్తిరాత రాయించిన వారెవరికైనా ఈ పద్ధతిలోని కష్టం సులభంగా అర్థమవుతుంది. 1987లో ఉత్తర అమెరికాలో కార్ట్రిడ్జ్ రూపంలో విడుదలైన ది లెజెండ్ ఆఫ్ జెల్డాలో చిన్న బ్యాటరీ అమర్చి, ఆట వివరాలు కార్ట్రిడ్జ్‌లోనే నిలిచి ఉండేటట్లు చేశారు. అందులో మూడు ఆటలను వేర్వేరు పేర్లతో భద్రపరచుకోవచ్చును. పేరును ఎంచుకొని తొలగించే అంశం కూడా తెరపైనే ఉండేది. 1993లో గేమ్ బాయ్‌పై వచ్చిన ఇదే వరుసలోని లింక్స్ అవేకెనింగ్‌లో కూడా మూడు స్థానాలున్నవి.

ఒక్కటే స్థానం

సతోషి తజిరి రూపకల్పన చేయగా గేమ్ ఫ్రీక్ సంస్థ తయారు చేసిన పోకేమాన్ రెడ్, పోకేమాన్ గ్రీన్ ఆటలు 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో విడుదలైనవి. ఉత్తర అమెరికాలో ఇవి 1998 సెప్టెంబరులో రెడ్, బ్లూ పేర్లతో వచ్చాయి. బాల్యంలో పురుగులను పట్టి సేకరించే అలవాటున్న తజిరికి, రెండు గేమ్ బాయ్‌లను కలిపే తీగను చూసినప్పుడు దాని గుండా పురుగులు ఇటు నుండి అటు పాకుతున్నట్లు ఊహ కలిగిందని చెబుతారు. పోకేమాన్‌లను పట్టడం, పెంచడం, ఆ తీగ ద్వారా మరొకరితో మార్చుకోవడం ఈ ఆటకు మూలసూత్రం. కొన్ని పోకేమాన్‌లు ఒక ఆటలోను, మరికొన్ని రెండవ ఆటలోను మాత్రమే దొరుకుతాయి కనుక మార్పిడి లేకుండా జాబితా పూర్తి కాదు.

ఈ ఆటలలో భద్రపరచవలసిన వివరాలు చాలా ఎక్కువ. ఆటగాడు వెంట తీసుకువెళ్ళే 6 పోకేమాన్‌లు కాక, 12 పెట్టెలలో పెట్టెకు 20 చొప్పున మరో 240 పోకేమాన్‌లను దాచుకోవచ్చును. పెట్టెలోని ఒక్కొక్క పోకేమాన్‌కు దాని లక్షణాల కోసం 33 బైట్లు, దాని పేరుకు 11, దానిని తొలుత పట్టిన ఆటగాడి పేరుకు 11, మొత్తం 55 బైట్లు కావలెను. లెక్క చూసుకునే మరికొన్ని బైట్లు కలుపుకొని ఒక పెట్టెకు 1,122 బైట్లు, 12 పెట్టెలకు 13,464 బైట్లు అవుతాయి. కార్ట్రిడ్జ్‌లో సేవ్ చేయడానికి ఉన్న చోటు అంతా కలిసి 32 కిలోబైట్లు. అనగా పెట్టెలే ఇంచుమించు ఐదింట రెండు వంతులు ఆక్రమిస్తాయి. మిగిలిన దానిలో ఆటగాడి వివరాలు, విజేతల పట్టిక, పోకేమాన్ బొమ్మలను విప్పడానికి తాత్కాలికంగా వాడే చోటు ఉన్నవి.

ఒకే స్థానం ఉండడం వలన ఇంటిలో ఒక కార్ట్రిడ్జ్‌ను ఇద్దరు పిల్లలు పంచుకోవడం దాదాపు అసాధ్యమైనది. తమ్ముడు కొత్త ఆట మొదలుపెట్టి సేవ్ చేస్తే అన్న ఆట పోయినట్లే. పాతవాటిని అమ్మే దుకాణంలో కొన్న కార్ట్రిడ్జ్‌లో ఎవరో తెలియని వ్యక్తి పేరు, అతడు పెంచిన పోకేమాన్‌లు కనిపించడం కూడా ఈ ఆటలకు పరిపాటి. అట్టి కార్ట్రిడ్జ్ కొన్నవారు సాధారణంగా ముందు చేసే పని దానిని చెరిపివేయడమే.

చెరిపివేసే పద్ధతి

పాత ఆటను పోగొట్టడానికి తొలి ఆటలలో రెండు మార్గాలు ఉండేవి.

మొదటిది, పాతది ఉండగానే కొత్త ఆటను ప్రారంభించి, దానిని సేవ్ చేయడం. కొత్త ఆట మొదలుపెట్టినంత మాత్రాన పాతదానికి ఏమీ కాదు. సేవ్ చేయకుండా స్విచ్ ఆపివేస్తే పాత ఆట యథాతథంగా ఉంటుంది. సేవ్ చేయబోతే మాత్రం, పాతది పోతుంది, సమ్మతమేనా అని ఆట అడుగుతుంది. ప్రతి ఆట ప్రారంభంలోను ఆటగాడికి 0 నుండి 65,535 లోపు ఒక గుర్తింపు సంఖ్య యాదృచ్ఛికంగా కేటాయించబడుతుంది. సేవ్ చేసే సమయంలో ఈ సంఖ్యను కార్ట్రిడ్జ్‌లో ఉన్న పాత సంఖ్యతో పోల్చి, రెండూ ఒకటి కాకపోతేనే ఆట ఈ హెచ్చరిక చేస్తుంది.

రెండవది, అసలైన చెరిపివేత. ఆట పేరు కనిపించే తొలి తెర వద్ద దిశల బటన్‌లో పై భాగాన్ని, సెలెక్ట్ బటన్‌ను, బి బటన్‌ను ఒకేసారి నొక్కవలెను. అప్పుడు భద్రపరచిన వివరాలన్నీ తొలగించవలెనా అనే ప్రశ్న వస్తుంది. గేమ్ బాయ్‌పై దిశల బటన్ ఎడమ ప్రక్కన, బి బటన్ కుడి ప్రక్కన, సెలెక్ట్ క్రింద మధ్యలో ఉంటాయి. రెండు బొటనవ్రేళ్ళతో ఆడుకునే పరికరంలో ఈ మూడింటిని కలిపి నొక్కడానికి మూడవ వ్రేలు కావలెను. ఏదో నొక్కబోయి ఏదో నొక్కితే జరిగే పని కాదు ఇది. ప్రశ్నకు ఇచ్చిన జవాబుల వరుసలో కూడా జాగ్రత్త కనిపిస్తుంది. ఈ ఆటలలో సాధారణంగా అవును అనే జవాబు పైన, కాదు అనేది క్రింద ఉంటుంది. ఇక్కడ మాత్రం కాదు పైన ఉన్నది. అలవాటు కొద్దీ ఏ బటన్ నొక్కితే ఆట చెరగకుండా తిరిగి మొదటి తెరకు వెళుతుంది. అవును అంటే మరొక హెచ్చరిక ఏదీ లేకుండా అంతా పోతుంది. ఆ తరువాత వచ్చే పట్టికలో కొనసాగించు అనే అంశమే కనిపించదు.

పోకేమాన్ ప్రధాన ఆటలు జపనీస్, ఇంగ్లీషు, కొన్ని యూరోపియన్ భాషలు, తరువాత కొరియన్, చైనీస్ భాషలలో వచ్చాయి. తెలుగులో రాలేదు. ఇంగ్లీషు అంతగా రాని పిల్లలు ప్రశ్నను చదవకుండానే జవాబు నొక్కే సందర్భాలలో ఈ కాదు అనే జవాబు పైన ఉండడం ఎంతో మేలు చేసే ఏర్పాటు.

ఈ చెరిపివేతను, ఎ, బి, స్టార్ట్, సెలెక్ట్ బటన్లు నాలుగింటినీ కలిపి నొక్కితే జరిగే పునఃప్రారంభంతో పొరబడరాదు. పునఃప్రారంభం వలన చివరిసారి సేవ్ చేసిన తరువాత ఆడినది మాత్రమే పోతుంది. అలాగే 1999లో జపాన్‌లో వచ్చిన గోల్డ్, సిల్వర్ ఆటలలో గడియారాన్ని సరిదిద్దడానికి వేరే బటన్ల కలయిక ఉన్నది. దాని వలన ఆట చెరగదు.

కార్ట్రిడ్జ్ లోపల జరిగేది

గేమ్ బాయ్ కార్ట్రిడ్జ్‌లో రెండు రకాల జ్ఞాపకశక్తి ఉంటుంది. ఆట స్వరూపం ఉన్న భాగం కర్మాగారంలోనే ముద్రించబడుతుంది. దానిని మార్చలేము. ఆటగాడి వివరాలు నిలిచే రెండవ భాగానికి నిరంతరం కొద్దిపాటి విద్యుత్తు అందుతుండవలెను. దీని కోసం కార్ట్రిడ్జ్‌లోనే ఒక బిళ్ళ వంటి లిథియం బ్యాటరీని టంకం వేసి అమర్చారు. ఏళ్ళు గడచి ఆ బ్యాటరీ నీరసిస్తే ఎవరూ చెరపకుండానే ఆట చెరిగిపోతుంది. అప్పుడు సేవ్ అయినట్లు తెరపై సందేశం వచ్చినా, స్విచ్ ఆపగానే వివరాలు నిలవవు. గడియారాన్ని కూడా నడపవలసి రావడం వలన గోల్డ్, సిల్వర్ కార్ట్రిడ్జ్‌లలోని బ్యాటరీలు మరింత త్వరగా అయిపోతాయి.

కంప్యూటర్‌లో ఒక ఫైలును తొలగించడం చాలా సందర్భాలలో పుస్తకం ముందున్న విషయసూచిక నుండి ఒక పాఠం పేరు కొట్టివేయడం వంటిది. పాఠం లోపలి పుటలలో కొంతకాలం అలాగే ఉంటుంది, నేర్పుంటే తిరిగి పొందవచ్చును. పోకేమాన్‌లో జరిగేది అట్లు కాదు. ఇది తడిగుడ్డతో పలకను తుడిచివేయడం వంటిది. రెడ్, బ్లూ ఆటలలో చెరిపివేత ఆజ్ఞ అందగానే ఒక్కొక్కటి 8 కిలోబైట్లు గల నాలుగు భాగాలలోను ప్రతి బైట్‌లో 255 అనే విలువ నింపబడుతుంది. గోల్డ్, సిల్వర్‌లలో 255కు బదులు సున్న నింపుతారు. ఏ విధంగా చూసినా పాత విలువల జాడ ఏదీ మిగలదు. ముందే ప్రత్యేక పరికరంతో నకలు తీసి ఉంచుకున్నవారికి తప్ప ఇతరులకు తిరిగి పొందే మార్గం లేదు.

ఈ 255 వలన ఒక విచిత్రం కూడా పుట్టింది. తొలి ఆటలలో వివరాలు చెడిపోయాయో లేదో తెలుసుకోవడానికి, మార్కుల జాబితా చివర మొత్తం వేసి సరిచూసుకొన్నట్లు, బైట్లన్నింటినీ కూడి ఒక సరిచూపు సంఖ్యను దాచి ఉంచుతారు. తెరిచినప్పుడు లెక్క సరిపోకపోతే వివరాలు నాశనమైనవని సందేశం వస్తుంది. అయితే ఈ పరిశీలన అన్ని సందర్భాలను పట్టుకోలేదు. ముందుగా ఆటను చెరిపి, కొత్తది ప్రారంభించి, సేవ్ అవుతున్న మధ్యలో సరిగ్గా ఒక క్షణంలో స్విచ్ ఆపితే, వెంట ఉన్న పోకేమాన్‌ల సంఖ్య రాయవలసిన చోట తుడిచినప్పటి 255 అలాగే నిలిచిపోతుంది. ఆరుగురికి మించి ఉండరాని జట్టులో 255 మంది ఉన్నట్లు ఆట నమ్ముతుంది. అత్యంత తక్కువ సమయంలో ఆటను ముగించే పోటీలలో పాల్గొనేవారు ఈ లోపాన్ని ఉపయోగించుకొని, గంటలు పట్టే ఆటను నిమిషాలలో ముగిస్తారు.

2002లో గేమ్ బాయ్ అడ్వాన్స్‌పై వచ్చిన రూబీ, సఫైర్ ఆటల నుండి ఫ్లాష్ మెమరీ వాడుకలోకి వచ్చింది. దీనికి బ్యాటరీతో పని లేదు. ఈ ఆటలలోని బ్యాటరీ గడియారం కోసమే. 128 కిలోబైట్ల చోటులో ఆటను రెండు స్థానాలలో ఒకసారి ఇక్కడ, ఒకసారి అక్కడ మార్చి మార్చి రాస్తారు. సేవ్ అవుతుండగా విద్యుత్తు ఆగిపోతే ముందటి ప్రతి ఆదుకుంటుంది. రెండు స్థానాలున్నవి కదా అని ఇద్దరు ఆడుకోవడానికి వీలు లేదు. రెండూ ఒకే ఆటగాడివి. చెరిపివేసినప్పుడు రెండూ పోతాయి.

పోయేవి, మిగిలేవి

చెరిపే ముందు ఆటగాడు చివరిసారిగా చూసేది కొనసాగించు అనే అంశం వద్ద కనిపించే చిన్న పట్టిక. అందులో అతని పేరు, గెలిచిన పతకాలు, నమోదైన పోకేమాన్‌ల సంఖ్య, ఆడిన సమయం ఉంటాయి. తొలి ఆటలలో ఈ సమయం 255 గంటల 59 నిమిషాల వద్ద ఆగిపోతుంది. అంతకు మించి ఆడినవారి శ్రమకు ఆ పట్టికలో లెక్క లేదు. చెరిపివేతతో ఇవన్నీ, విజేతల పట్టిక, డబ్బు, గుర్తింపు సంఖ్య సహా పోతాయి. వీటిలో అన్నిటికన్నా తిరిగి పొందరానివి, నింటెండో ప్రత్యేక కార్యక్రమాలలో మాత్రమే పంచిపెట్టిన మ్యూ వంటి పోకేమాన్‌లు. మిగతావాటిని ఓపిక ఉంటే మళ్ళీ సంపాదించవచ్చును. ముగిసిన కార్యక్రమం మళ్ళీ రాదు.

ప్రతి పోకేమాన్ తనను మొదట పట్టిన ఆటగాడి పేరును, గుర్తింపు సంఖ్యను తనలోనే మోసుకొని తిరుగుతుంది. మార్పిడి వలన ఇవి మారవు. కనుక ఆటను చెరిపే ముందు ఇష్టమైన పోకేమాన్‌లను తీగ ద్వారా స్నేహితుని కార్ట్రిడ్జ్‌కు పంపితే అవి అక్కడ భద్రంగా ఉంటాయి. ఇది అంత తేలిక కాదు. రెండు గేమ్ బాయ్‌లు, రెండు కార్ట్రిడ్జ్‌లు, తీగ కావలెను. ఒకటి ఇస్తే ఒకటి పుచ్చుకోవలెను. అన్నిటికీ మించి, అవతలివాడు వాటిని తిరిగి ఇస్తాడన్న నమ్మకం ఉండవలెను.

కొత్త ఆట మొదలైన తరువాత వాటిని వెనక్కు తెచ్చుకుంటే జరిగేది మరింత ఆసక్తికరమైనది. కొత్త ఆటకు కొత్త గుర్తింపు సంఖ్య వచ్చి ఉంటుంది. ఆటగాడు పాత పేరునే పెట్టుకున్నప్పటికీ సంఖ్య కలవదు. అందువలన తాను స్వయంగా పట్టి పెంచిన పోకేమాన్‌ను ఆట పరాయివారిదిగానే లెక్కిస్తుంది. పరాయి పోకేమాన్‌కు పోరాటాలలో ఒకటిన్నర రెట్లు అనుభవం లభిస్తుంది, ఇది లాభమే. కాని తగిన పతకాలు గెలిచేవరకు స్థాయి పెరిగిన పరాయి పోకేమాన్ యజమాని మాట వినదు. చెప్పిన పని మాని నిద్రపోవచ్చును, తనకు తోచిన పని చేయవచ్చును. రెడ్, బ్లూలలో పతకాలేవీ లేనివారి మాట 10వ స్థాయి వరకే చెల్లుతుంది. ఎనిమిదవ పతకం వచ్చిన తరువాత అన్ని స్థాయిలవీ వింటాయి.

తీగ కాక వేరే ఆశ్రయాలు క్రమంగా ఏర్పడినవి. 2000లో ఉత్తర అమెరికాలో విడుదలైన పోకేమాన్ స్టేడియం ఆటలో, నింటెండో 64 పరికరానికి గేమ్ బాయ్ కార్ట్రిడ్జ్‌ను అతికించి పోకేమాన్‌లను దాచే వీలుండేది. అయితే రూబీ, సఫైర్‌లకు అంతకు ముందటి ఆటలతో సంబంధం లేకుండా చేయడం వలన తొలి రెండు తరాల పోకేమాన్‌లు తమ కార్ట్రిడ్జ్‌ల నుండి ముందుకు సాగలేకపోయాయి. నింటెండో 3డీఎస్ కోసం ప్రవేశపెట్టిన పోకేమాన్ బ్యాంక్ 2014లో ప్రపంచమంతటా అందుబాటులోకి వచ్చింది. 2023 మార్చిలో ఆ పరికరపు ఆన్‌లైన్ దుకాణం మూతపడడంతో దానిని కొత్తగా పొందే దారి మూసుకుపోయింది.

కారణాలు

తొలి ఆటల ప్రారంభంలో బల్బసార్, చార్మాండర్, స్క్విర్టిల్ అనే మూడింటిలో ఒకదానినే ఎంచుకోవలెను. మిగిలిన రెండింటితో ఆట ఎట్లుండునో చూడాలనే కోరిక చెరిపివేతకు బహుశా అన్నిటికన్నా సామాన్యమైన కారణం. కథ ముగిసిన తరువాత చేయడానికి పెద్దగా ఏమీ మిగలకపోవడం మరొకటి. స్నేహితులు లేదా రెండవ కార్ట్రిడ్జ్ ఉన్న కుటుంబాలలో, ఒక ఆటను పదే పదే చెరిపి మొదలుపెట్టి, ఒక్కసారే దొరికే పోకేమాన్‌లను ప్రతిసారీ రెండవ దానికి పంపి జాబితా పూర్తి చేసుకునేవారు.

2010లో ఒక వెబ్ కామిక్ ద్వారా వ్యాప్తిలోకి వచ్చిన నజ్‌లాక్ అనే నియమావళి చెరిపివేతకు కొత్త అర్థం ఇచ్చింది. దీని ప్రకారం ప్రతి ప్రాంతంలోను మొదట ఎదురైన పోకేమాన్‌ను మాత్రమే పట్టవలెను. పోరాటంలో స్పృహ తప్పిన పోకేమాన్‌ను చనిపోయినట్లే భావించి వదిలివేయవలెను. అన్నీ ఓడితే ఆట ముగిసినట్లే, మళ్ళీ మొదటి నుండి ప్రారంభించవలెను. ఆటలో లేని ఈ నియమాలను ఆటగాళ్ళు తమకు తామే విధించుకుంటారు.

తరువాతి ఆటలలో మార్పులు

2006లో జపాన్‌లో వచ్చిన డైమండ్, పెర్ల్ ఆటలలో పాతదానిపై కొత్తదానిని సేవ్ చేసే మార్గాన్ని తొలగించారు. పాత ఆట ఉండగా కొత్తది మొదలుపెట్టి ఆడవచ్చును గాని, సేవ్ చేయబోతే ఆట ఒప్పుకోదు. ముందుగా మూడు బటన్లతో చెరపవలసినదే. పొరపాటున అన్న ఆటను పోగొట్టే తమ్ముళ్ళకు ఇది మంచి అడ్డుకట్ట. ఈ సంగతి తెలియక గంటల తరబడి ఆడి, చివరకు సేవ్ చేసుకోలేక స్విచ్ ఆపవలసి వచ్చిన పిల్లలకు మాత్రం ఇది నష్టమే.

పై దిశ, సెలెక్ట్, బి అనే కలయిక నింటెండో డీఎస్ ఆటల వరకు కొనసాగింది. 2013లో 3డీఎస్‌పై వచ్చిన ఎక్స్, వై ఆటలలో సెలెక్ట్ స్థానాన్ని ఎక్స్ బటన్ తీసుకున్నది. 2019లో నింటెండో స్విచ్‌పై విడుదలైన స్వోర్డ్, షీల్డ్ ఆటలలో బటన్ల కలయిక లేదు. పరికరపు సెట్టింగులలో డేటా మేనేజ్‌మెంట్ విభాగానికి వెళ్ళి సేవ్ డేటాను తొలగించవలెను. స్విచ్‌లో ఎనిమిది మంది వరకు తమ పేర్లు నమోదు చేసుకోవచ్చును, ప్రతి ఒక్కరికి విడిగా ఒక ఆట ఉంటుంది కనుక, కొత్తగా ఆడదలచినవారు పాతదానిని చెరపకుండా మరొక పేరు నమోదు చేసుకుంటే సరిపోతుంది.

2020 ఫిబ్రవరిలో ప్రారంభమైన పోకేమాన్ హోమ్ సేవలో రుసుము లేకుండా 30 పోకేమాన్‌లను, చందా కట్టి అంతకన్నా ఎక్కువ దాచుకోవచ్చును. ఆటను చెరిపివేసిన తరువాత వాటిని కొత్త ఆటలోకి తెచ్చుకోవచ్చును. అయితే గుర్తింపు సంఖ్య కలవదు కనుక, వాటిని ఇప్పటికీ పరాయివిగానే లెక్కిస్తారు.